నెల రోజుల యుద్ధం, ఐదేళ్ల ఎమర్జెన్సీ

చరిత్ర మాస్టారితో ప్రశ్నలు–జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా యుద్ధాల గురించే. రెండు పోస్టుకార్డులు కూడా ఉన్నాయి. ఇంకా పోస్టుకార్డు రాసేవాళ్లున్నారంటే నాకు భలే సంతోషం. ట్యాంకులెన్ని, విమానాలెన్ని అని అడిగిన వాటిని మాత్రం పక్కన పెట్టేశాను. అవి చెప్పడానికి రిటైరైన సైనికాధికారులున్నారు. నేను నలభై ఏళ్లు పాఠం చెప్పుకున్న మనిషిని. యుద్ధం అయిపోయాక ఊళ్లో, ఇంట్లో, గెజెట్‌లో ఏం మిగిలిందో అదే నాకు తెలిసిన సంగతి.

ప్రశ్న: మా అబ్బాయి గ్రూప్స్‌కి చదువుతున్నాడు. వాడి పుస్తకంలో చైనా యుద్ధం పేజీన్నర ఉంది. నెల రోజులు, అదీ ఎక్కడో మంచు కొండల్లో జరిగిన యుద్ధం దేశ చరిత్రను అంతగా మార్చేస్తుందా మాస్టారూ?
— ఒక గృహిణి, నంద్యాల

జవాబు: మార్చిందమ్మా. 1962 అక్టోబరు 20న చైనా సైన్యం దాడి మొదలుపెట్టింది. నవంబరు 21న తనంతట తానే కాల్పుల విరమణ ప్రకటించింది. అంటే మీరన్నట్టు నెల రోజులే. ఈ మధ్యలో, అక్టోబరు 26న, 352వ అధికరణం కింద ఎమర్జెన్సీ ప్రకటించారు. రాజ్యాంగం అమల్లోకి వచ్చాక అదే మొదటిది. దాన్ని ఎప్పుడు ఎత్తేశారో మీ అబ్బాయిని అడిగి చూడండి. యుద్ధం ఆగగానే అనో, మహా అయితే మరుసటి ఏడాది అనో చెప్తాడు. నా క్లాసుల్లో ఏటా అదే జవాబు వచ్చేది.

ఎత్తేసింది 1968 జనవరి 10న. ఈలోగా నెహ్రూ పోయారు, శాస్త్రి వచ్చారు, ఆయనా పోయారు. పాకిస్తాన్‌తో ఇంకో యుద్ధం జరిగింది. 1967 సార్వత్రిక ఎన్నికలు కూడా ఆ ఎమర్జెన్సీ నీడలోనే జరిగాయి. చైనా కోసం తెచ్చిన భారత రక్షణ నిబంధనలు ఉన్నన్నాళ్లూ విచారణ లేకుండా మనిషిని లోపల పెట్టొచ్చు. అలా లోపలికి వెళ్లినవాళ్లలో అస్సాం, బెంగాల్ కొండ ప్రాంతాల్లో తరాలుగా ఉంటున్న చైనా సంతతి కుటుంబాలూ ఉన్నాయి. వాళ్లను రైళ్లలో రాజస్థాన్‌లోని దేవ్‌లీ శిబిరానికి తరలించారు. చాలామంది ఇక్కడే పుట్టినవాళ్లు, కొందరికి చైనా ఎటువైపుందో కూడా తెలియదు. మీ అబ్బాయి పుస్తకంలోని పేజీన్నరలో వాళ్లకు ఒక్క వాక్యమైనా దక్కిందా? నాకు అనుమానమే.

ఇక కొత్తగా పుట్టినవి చూడండి. ఇండో–టిబెటన్ సరిహద్దు దళం యుద్ధం మధ్యలోనే, 1962 అక్టోబరు 24న ఏర్పడింది. 1965 యుద్ధం తర్వాత బీఎస్‌ఎఫ్ వచ్చింది, 1968లో విదేశీ గూఢచర్యం చూసే ‘రా’ వచ్చింది. సైన్యాన్ని 8,25,000కు పెంచాలని నిర్ణయించారు. పర్వత యుద్ధానికని విడిగా డివిజన్లు కట్టారు. ఇవన్నీ ఇప్పటికీ ఉన్నాయి. అప్పటికి మన గణతంత్రానికి పన్నెండేళ్లు. ఆ వయసులో పడ్డ దెబ్బ కాబట్టే ఖజానా ఖర్చు అలవాట్లే మారిపోయాయి. అంతకుముందు రక్షణకు తక్కువ, ఆనకట్టలకూ ఫ్యాక్టరీలకూ ఎక్కువ అనే లెక్క నడిచేది. 1965 యుద్ధం, కరవు కూడా తోడయ్యేసరికి 1966 నుంచి మూడేళ్లపాటు పంచవర్ష ప్రణాళికే పక్కకు పోయింది.

అయితే అంతా నష్టమే అంటే నేనొప్పుకోను. అప్పటివరకు ప్రత్యేక దేశం కావాలన్న డీఎంకే, యుద్ధం రాగానే కేంద్రానికి అండగా నిలబడింది. 1963లో 16వ సవరణ వచ్చింది. ఎన్నికల్లో నిలబడేవాళ్లు దేశ సార్వభౌమత్వాన్ని, సమగ్రతను కాపాడతామని ప్రమాణం చేయాలన్నది. డీఎంకే నేత అన్నాదురై ప్రత్యేక దేశం డిమాండును వదిలేసి, 1967లో ఓట్లతో మద్రాసు రాష్ట్రంలో అధికారంలోకి వచ్చారు. తుపాకీ పేలకుండా ఒక వేర్పాటువాదం అలా ముగిసింది. దీన్ని మాత్రం మీ అబ్బాయిని బాగా చదువుకోమనండి, మెయిన్స్‌లో అడగొచ్చు.

ప్రశ్న: మా అమ్మమ్మ చైనా యుద్ధం అప్పుడు చేతి గాజులు తీసి ఇచ్చేసిందని ఇంట్లో గొప్పగా చెప్పుకుంటారు. నిజంగా అలా ఇచ్చారా? సినిమాలో చూసింది కలిపి చెప్తున్నారేమోనని నా డౌటు.
— ఒక సాఫ్ట్‌వేర్ ఉద్యోగి, డాలస్

జవాబు: మీ అమ్మమ్మగారిని అనుమానించకండి బాబూ. ఊరూరా ఇచ్చారు. జాతీయ రక్షణ నిధికి డబ్బు, బంగారం, చివరికి ముక్కుపుడకలు కూడా. అవి కాక ప్రభుత్వం 15 ఏళ్ల గడువుతో గోల్డ్ బాండ్లు కూడా జారీ చేసింది. బంగారం ఇస్తే వడ్డీతో తిరిగి చెల్లిస్తామని.

ఇక్కడ నా ఇంటి సంగతి కొంచెం చెప్పాలి. మా నాన్నగారిది గుడివాడలో బంగారప్పని. కుంపటి, ఊదుగొట్టం, మూసలు, గురివింద గింజల త్రాసు. ఆ నవంబరులో ఊళ్లో పెద్దలు పందిరి వేసి విరాళాలు పోగుచేశారు. వచ్చిన బంగారం తూచి, గీటురాయి మీద గీసి చెప్పడానికి నాన్నగారిని పిలిచారు. రూపాయి తీసుకోకుండా ఆ పని చేశారు. ఒకావిడ కాసులపేరు నుంచి సరిగ్గా ఒక్క కాసు విడదీయించుకుని ఇచ్చి, మిగతాది మళ్లీ గుచ్చించుకుని మెడలో వేసుకుని వెళ్లిందట. మా నాన్నగారు ఆవిడ సంగతే ఎక్కువసార్లు చెప్పేవారు. మొత్తం ఇచ్చినవాళ్ల గురించి అంత చెప్పేవారు కాదు.

1963 జనవరిలో, అదే భారత రక్షణ నిబంధనల కింద, బంగారం నియంత్రణ ఉత్తర్వు వచ్చింది. 14 క్యారెట్లకు మించిన స్వచ్ఛతతో కొత్త నగ చేయకూడదు. కారణం అర్థం కానిదేమీ కాదు. ఆయుధాలు కొనడానికి విదేశీ మారకం కావాలి. అదేమో దొంగబంగారం రూపంలో కారిపోతోంది. జనానికి బంగారం మీద మోజు తగ్గిస్తే డబ్బు దేశంలో నిలబడుతుందని లెక్క. కానీ 14 క్యారెట్ల మంగళసూత్రం ఏ తల్లి చేయించుకుంటుంది? రంగు రాదు, అమ్మబోతే ధర రాదు. మా వీధిలో పెళ్లిళ్ల సీజను వచ్చింది, వెళ్లింది. మా కుంపటిలో మాత్రం నిప్పు లేదు. దేశం మొత్తం మీద లక్షలాది స్వర్ణకారుల పరిస్థితి ఇదే. ఆత్మహత్యల వార్తలు పత్రికల్లో వచ్చాయి, పార్లమెంటులోనూ గొడవ జరిగింది. తర్వాత కొంత సడలించారు. 14 క్యారెట్ల నిబంధనను 1966లో తీసేశారు. నియంత్రణ మాత్రం పోలేదు. 1968లో ఏకంగా చట్టమై కూర్చుంది. దాన్ని రద్దు చేసింది 1990లో. చైనావాళ్లు వెనక్కి వెళ్లిన 28 ఏళ్లకు!

మా నాన్నగారు కొన్నాళ్లు వెండి మట్టెలు, పట్టీలు చేశారు. ఆ తర్వాత రైసు మిల్లులో గుమస్తాగా చేరారు. సుత్తి పట్టిన చెయ్యి కదా, పద్దు రాస్తే అక్షరాలు లోతుగా దిగేవి, కింది కాగితం మీద కూడా అచ్చు పడేది. నేను ఆ పని నేర్చుకోలేదు. ఆయనే వద్దన్నారు. అందుకే చదువుకున్నాను, అందుకే ఇవాళ మీకు జవాబు రాస్తున్నాను. యుద్ధం వల్ల నాకు జరిగింది మంచా చెడా అని అడక్కండి, దానికి మా నాన్నగారూ జవాబు చెప్పలేదు.

ప్రశ్న: కమ్యూనిస్టు పార్టీ మా తెనాలిలోనే చీలిందని పెద్దలంటారు. చైనా యుద్ధమే కారణమా?
— విశ్రాంత ఉపాధ్యాయుడు, తెనాలి

జవాబు: యుద్ధమే కారణం అంటే సగం నిజం. కాంగ్రెస్‌తో ఎలా ఉండాలి, మాస్కోనా పెకింగా అన్న తగువు 1962కి ముందే ముదిరిపోయింది. అయితే యుద్ధం ఆ తగువును జైలు దాకా తీసుకెళ్లింది. నవంబరు మొదట్లో పార్టీ జాతీయ మండలి చైనాను తప్పుపడుతూ, నెహ్రూ ప్రభుత్వాన్ని బలపరుస్తూ తీర్మానం చేసింది. సుందరయ్య, జ్యోతిబసు, సుర్జీత్ కార్యదర్శివర్గం నుంచి తప్పుకున్నారు. ఆ నెలలోనే భారత రక్షణ నిబంధనల కింద అరెస్టులు మొదలయ్యాయి. ఒకే పార్టీలో కొందరు లోపల, కొందరు బయట. మీరే ఆలోచించండి, ఆ తర్వాత ఒకే బల్ల దగ్గర కూర్చోగలరా?

1964 ఏప్రిల్‌లో 32 మంది జాతీయ మండలి నుంచి బయటకు వచ్చేశారు. జూలైలో మీ తెనాలిలో సదస్సు పెట్టారు. ఆ శరదృతువులో కలకత్తా మహాసభతో సీపీఎం పుట్టింది, సుందరయ్య ప్రధాన కార్యదర్శి అయ్యారు. కాబట్టి పెద్దలు చెప్పింది కొంచెం సవరించుకోవాలి. తెనాలిలో నిర్ణయం ఖాయమైంది, కలకత్తాలో పేరు పెట్టారు.

ఆంధ్ర రాజకీయాల్లో దీని ఫలితం ఓట్ల లెక్కలో కనిపిస్తుంది. 1962 ఎన్నికల్లో ఉమ్మడి పార్టీకి శాసనసభలో 51 స్థానాలున్నాయి. 1967లో రెండు పార్టీలకూ కలిపి అందులో సగం కూడా రాలేదు. ప్రధాన ప్రతిపక్షమన్న హోదా మళ్లీ వాళ్లకు దక్కలేదు.

ప్రశ్న: 1965లో పాకిస్తాన్‌తో యుద్ధం వల్లే హరిత విప్లవం వచ్చిందని ఒక వీడియోలో చూశాను. నిజమా?
— డిగ్రీ విద్యార్థి, భీమవరం

జవాబు: వీడియోవాళ్లకు ఒక కారణం, ఒక ఫలితం దొరికితే చాలు. మీరు అంత తేలిగ్గా నమ్మకండి.

యుద్ధం ఆగస్టు–సెప్టెంబరుల్లో జరిగింది. సెప్టెంబరు 23న కాల్పులు ఆగాయి. భారత ఆహార సంస్థ, వ్యవసాయ ధరల కమిషన్ రెండూ 1965 జనవరికే పని మొదలుపెట్టాయి. అప్పటి ఆహార మంత్రి సి. సుబ్రహ్మణ్యం కొత్త విత్తనాల గురించి యుద్ధానికి ముందునుంచీ పోరుతున్నారు. మీ పశ్చిమ గోదావరి జిల్లా అయితే 1960 నుంచే ‘ప్యాకేజీ’ జిల్లా. ఎరువు, విత్తనం, అప్పు, సలహా అన్నీ ఒకచోట ఇచ్చే పథకానికి దేశంలో మొదట ఎంపికైన వాటిలో ఒకటి. మీ తాతగారిని అడగండి, చెప్తారు.

మరి యుద్ధం ఏం చేసింది? భయపెట్టింది. పీఎల్–480 అనే ఆహార సాయం చట్టం కింద అమెరికా నుంచి వచ్చే గోధుమల మీదే అప్పుడు మన రేషన్ షాపులు ఆధారపడ్డాయి. యుద్ధం రాగానే అమెరికా రెండు దేశాలకూ సైనిక సాయం ఆపేసింది. గోధుమలనూ దీర్ఘకాలపు ఒప్పందం లేకుండా కొంచెం కొంచెంగా వదలసాగింది. అదే ఏడాది వానలు మొహం చాటేశాయి. 1964–65లో 89 మిలియన్ టన్నులున్న ఆహారధాన్యాలు మరుసటి ఏడు 72 మిలియన్ టన్నులకు పడిపోయాయి. వారానికి ఒక పూట భోజనం మానేయమని శాస్త్రి అడిగారు. సోమవారం రాత్రి చాలా హోటళ్లు పొయ్యి వెలిగించలేదు. ‘జై జవాన్, జై కిసాన్’ అన్న మాటలో ఆ రెండో సగం అలంకారం కోసం పెట్టింది కాదు. తిండి కోసం ఇంకొకడి ముందు చెయ్యి చాపే దేశం యుద్ధం చేయలేదని ఢిల్లీకి అప్పుడు ఒంటికి తగిలింది.

దాంతో అప్పటివరకు ఫైళ్లలో నలుగుతున్నవి కదిలాయి. 1966లో మెక్సికో నుంచి 18,000 టన్నుల గోధుమ విత్తనం దిగింది. రూపాయి విలువ తగ్గించింది కూడా ఆ ఏడాదే, డాలరు 4.76 నుంచి 7.50 అయింది. 1967కల్లా మీ ఆచంటలో ఐఆర్–8 వరి వేసి, పక్క జిల్లాల రైతులు చూడ్డానికి వచ్చేంత దిగుబడి తీశారు. యుద్ధం లేకపోయినా ఆ విత్తనం వచ్చేది. ఇంకో ఐదేళ్లు ఆలస్యమయ్యేదేమో, అంతవరకే నేను ఒప్పుకుంటాను.

ప్రశ్న: డిసెంబరు 4న నేవీ డే జరిపేది మన వైజాగ్ దగ్గర ఘాజీని ముంచినందుకే కదా?
— ఆటో డ్రైవరు, విశాఖపట్నం

జవాబు: కాదండీ, చాలామంది అలాగే అనుకుంటారు. 1971 డిసెంబరు 4 రాత్రి మన క్షిపణి పడవలు కరాచీ మీద దాడి చేశాయి. నేవీ డే దాని గుర్తుగా. పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ మునిగింది అంతకుముందు రాత్రి, 3కీ 4కీ మధ్య. ఐఎన్‌ఎస్ రాజ్‌పుత్ వేసిన డెప్త్ చార్జీలకు మునిగిందని మన నౌకాదళం, తన మందుపాతరో లోపలి పేలుడో కారణమని పాకిస్తాన్. ఆ వాదన తెగలేదు. అది వెతుక్కుంటూ వచ్చిన మన విమానవాహక నౌక విక్రాంత్ మాత్రం అప్పటికే అండమాన్ వైపు ఉంది. అందులో వాదన లేదు.

నాకప్పుడు వైజాగ్‌లో లెక్చరర్‌గా ఉద్యోగం కొత్త. కిటికీలకు నల్ల కాగితం అంటించుకుని, లాంతరు మంచం కింద పెట్టుకుని పేపర్లు దిద్దిన రోజులవి. ఉత్తరం రాస్తే కవరు మీద శరణార్థుల కోసమని 5 పైసల బిళ్ల అదనంగా అంటించాలి. తూర్పు పాకిస్తాన్ నుంచి కోటి మంది దాకా వచ్చారు మరి. యుద్ధం 13 రోజుల్లో అయిపోయింది. ఆ బిళ్ల మాత్రం 1973 మార్చి దాకా అంటిస్తూనే ఉన్నాం.

మీరు రోజూ ఆటో తిప్పే ఊరు ఇవాళ ఇలా ఉందంటే అందులో ఈ యుద్ధాల చెయ్యి చాలా ఉంది. జలాంతర్గాములు బ్రిటన్ నుంచి అనుకున్నట్టు దొరకలేదు, సోవియట్ ఇచ్చింది. మొదటిది, కల్వరి, 1968లో వైజాగ్ చేరింది. తూర్పు నౌకాదళ కమాండ్ ఏర్పడిందీ ఆ ఏడాదే. హైదరాబాద్ సంగతీ అంతే. క్షిపణులు చేసే బీడీఎల్ 1970లో, ప్రత్యేక లోహాలు చేసే మిథాని 1973లో వచ్చాయి. కంచన్‌బాగ్ అంటే ఇప్పుడు జనానికి గుర్తొచ్చేవి ఆ కంపెనీ బస్సులే.

ఇంకొకటి, మీరు అడగకపోయినా చెప్తాను. 1971 డిసెంబరు 3న ప్రకటించిన ఎమర్జెన్సీని కూడా యుద్ధం అయ్యాక ఎత్తేయలేదు. 1975 జూన్ 25 రాత్రి ఇందిరాగాంధీ ప్రభుత్వం ఇంకోటి ప్రకటించేనాటికి ఈ 1971 నాటిది ఇంకా అమల్లోనే ఉంది. జనాన్ని జైళ్లలో పెట్టిన మీసా చట్టం కూడా 1971లో, తూర్పు పాకిస్తాన్ సంక్షోభం నడుస్తున్నప్పుడు తెచ్చిందే. రెండు ఎమర్జెన్సీలూ 1977 మార్చిలో పోయాయి. ‘అంతర్గత కల్లోలం’ అన్న మాట తీసేసి ‘సాయుధ తిరుగుబాటు’ అని రాజ్యాంగంలో రాసుకోవడానికి 1978 దాకా, 44వ సవరణ దాకా ఆగాల్సి వచ్చింది. పాకిస్తాన్ కోసం పట్టుకున్న కర్ర ఎవరి మీద పడిందో మా తరం వాళ్లకు తెలుసు.

ప్రశ్న: బంగ్లాదేశ్‌లో 2024లో అంత గొడవ ఉద్యోగాల రిజర్వేషన్ కోసమేనా? మాకు సరిగా అర్థం కాలేదు.
— కిరాణా వ్యాపారి, కాగజ్‌నగర్

జవాబు: మీ ఊరి దగ్గర బెంగాలీ శిబిరాలున్నాయి కాబట్టి మీకు ఆసక్తి ఉండటం సహజం. 1971లో పాకిస్తాన్ నుంచి విడిపోవడానికి పోరాడినవాళ్లకు కొత్త దేశం 1972లో ప్రభుత్వోద్యోగాల్లో 30 శాతం కేటాయించింది. అప్పటికి అది న్యాయమే. తర్వాత వాళ్ల పిల్లలకు, ఆపైన మనవలకూ వర్తింపజేశారు. యాభై ఏళ్లయ్యేసరికి ‘ఎవరు పోరాడారు’ అన్నది ‘ఎవరు అధికార పార్టీకి దగ్గర’ అన్నట్టు కనిపించసాగింది. 2018లో విద్యార్థుల ఆందోళనతో తీసేశారు. 2024 జూన్‌లో హైకోర్టు మళ్లీ తెచ్చింది. వీధుల్లో రక్తం పారాక, జూలైలో, సుప్రీంకోర్టు దాన్ని 5 శాతానికి దించింది. అప్పటికే చెయ్యి దాటిపోయింది. ఆగస్టు 5న ప్రధాని షేక్ హసీనా దేశం విడిచి వెళ్లారు. గొడవ చివరికి ఉద్యోగాల కోసం మాత్రమే కాదు, కానీ మొదలైంది అక్కడే.

ప్రశ్న: తొమ్మిదో తరగతి పిల్లలతో యుద్ధాల మీద ప్రాజెక్టు చేయించాలి. ఇంటర్నెట్ నుంచి బొమ్మలు దించి అంటించేస్తారని భయం. ఏం చేయించమంటారు?
— సోషల్ టీచరు, పెద్దాపురం

జవాబు: బొమ్మలు వద్దనే చెప్పండి టీచరు గారూ. డెబ్బై ఐదు దాటిన ముగ్గురిని ఒక్కో విద్యార్థి కలవాలి. అడగాల్సినవి నాలుగే. రక్షణ నిధికి మీ ఇంటి నుంచి ఏమిచ్చారు? కాలేజీలో ఎన్‌సీసీ తప్పనిసరి చేసినప్పుడు మీరు చదువుతున్నారా? (1963 నుంచి ఐదేళ్లు అలా ఉంది, నేనూ గంజి పెట్టిన ఖాకీ నిక్కరుతో ఎండలో నిలబడ్డవాణ్ణే.) రేషన్‌లో గోధుమలు వచ్చినప్పుడు వాటితో ఏం వండారు? మీ వీధిలో ఎవరి పని పోయింది, ఎవరికి కొత్త పని దొరికింది? గోధుమల ప్రశ్నకు ఆడవాళ్లను అడగమనండి, మగవాళ్లకు గుర్తుండదు.

జిల్లా గ్రంథాలయంలో 1962 నవంబరు నుంచి 1963 మార్చి దాకా పాత పత్రికల బైండింగులుంటే మొదటి పేజీ వదిలేసి లోపలి పేజీలు చూడమనండి. ప్రకటనలు, బంగారం ధర, పాఠకుల ఉత్తరాలు. పెద్దవాళ్లు చెప్పిన తేదీలు తప్పయితే పిల్లలు వాళ్లను దిద్దకూడదు, నోట్‌బుక్‌లో పక్కన సరైన తేదీ రాసుకుంటే చాలు. పూర్తయ్యాక బాగా వచ్చినవి రెండు మూడు నాకు పంపండి, ఈ శీర్షికలోనే వేయిస్తాను.